చిరగని చీటీ

ఊళ్ళో పిల్లలు ఆవిడకు గోడలమ్మ అని పేరు పెట్టారు. ఎక్కడికి వెళ్ళినా మనుషుల్ని పలకరించే ముందు గోడను పలకరించే అలవాటు ఆవిడది. వేళ్ళ కణుపులతో రెండుసార్లు తట్టి, చెవి ఆనించి, "లోపల డొల్ల" అనో, "గట్టి ఇటుకే" అనో తీర్పు చెప్పేది. చెల్లెలి కాన్పుకని ఆస్పత్రికి వెళ్ళి, పుట్టిన బిడ్డను ఎత్తుకోకముందే వార్డు గోడను తట్టి చూసిందట. చెల్లెలు ఆ సంగతి ముప్ఫై ఏళ్ళుగా దెప్పుతూనే ఉంది. గోడలమ్మ ఒక్కసారి కూడా కాదనలేదు.

ఆవిడ మొదటి ఉద్యోగం మున్సిపాలిటీలో, ఇళ్ళ ప్లాన్లు గీసే సెక్షన్‌లో. పన్నెండేళ్ళు వంగి గీసి గీసి మెడనొప్పి తెచ్చుకుంది. ఒకరోజు ఒక ముసలి జంట తమ ఇంటి ప్లాను మీద సంతకం పెట్టడానికి వచ్చారు. సంతకం అయిపోయాక ముసలావిడ మొహమాటంగా అడిగింది, "మా వంటగది ఎక్కడుందమ్మా ఇందులో?" అని. అడుగుతూ ఆమె వేలు పెట్టింది మెట్ల మీద. కాగితం తలకిందులుగా పట్టుకుని ఉంది. పై అధికారి పకపకా నవ్వాడు. గోడలమ్మకు మాత్రం ఒళ్ళు మండిపోయింది. తను ఉండబోయే ఇల్లు ఏమిటో తెలియకుండా మనిషి సంతకం పెడుతుంటే, అందులో నవ్వడానికి ఏముంది? ఆ రోజు నుంచి ఆ కుర్చీలో ఆవిడకు కుదురు లేకుండా పోయింది.

అదే ఊళ్ళో ఒక పాత ఐస్ ఫ్యాక్టరీలో కట్టడాల మ్యూజియం అని ఒకటుండేది. డైరెక్టరు రిటైరై రెండేళ్ళయినా ఆ పోస్టు ఎవరికీ అక్కర్లేకపోయింది. రోజుకు ఆరుగురు వచ్చేవారు, వాళ్ళలో ఇద్దరు ఫ్యాను కింద కూర్చోవడానికి. ఆవిడ అప్లికేషన్ పెట్టింది. ఇంటర్వ్యూలో ఒకే ప్రశ్న అడిగారట, "ఎప్పుడు చేరతారు?" అని.

చేరిన మొదటి నెలలోనే అద్దాల బీరువాల్లోని నమూనాలన్నీ గోదాములోకి పంపేసింది. "ముట్టుకోనివ్వని వస్తువు ఎవరికీ అర్థం కాదు" అనేది. వాటి బదులు చెక్కదిమ్మెలతో మనిషెత్తు కమాను పెట్టించింది. పిల్లలు దాన్ని పేర్చి, కింద ఆసరా తీసేసి, అది నిలబడితే కేకలు పెట్టేవాళ్ళు. పదకొండు మెట్ల వరుస ఒకటి కట్టించి, ఏడో మెట్టును మాత్రం వేలెడు ఎత్తు పెంచింది. దాని దగ్గర తూలనివాడు లేడు. మున్సిపల్ కమిషనర్ తూలాడు, ఇంజనీర్లు తూలారు. అప్పుడు గోడలమ్మ, "చూశారా, లెక్క మీ కాలికి తెలుసు, కంటికే తెలియదు" అని చెప్పేది. ఆదివారాలు జనాన్ని వెంటేసుకుని వీధుల్లో తిరుగుతూ ఏ దూలం ఏ బరువు మోస్తోందో, ఏ గోడ తీస్తే ఏది కూలుతుందో చూపించేది. మొదట నలుగురు వచ్చేవారు, పదేళ్ళకు ట్రాఫిక్ ఆగేంత మంది అయ్యారు.

ఈ పనులన్నిటికీ ఆవిడ కుడిభుజం ఒక తాపీ మేస్త్రీ. మాట తక్కువ మనిషి. చెవి వెనక పెన్సిలు లేకుండా ఆయన్ని ఎవరూ చూడలేదు. మ్యూజియంలో అందరికీ ఇష్టమైన నడిచే గోడ కట్టింది ఆయనే. రెండు ముక్కలుగా కట్టిన ఇటుకగోడ అది, కింద చిన్న పట్టాలు, పక్కన చేత్తో తిప్పే చక్రం. తిప్పితే గోడ మధ్యలో వెంట్రుకంత పగులు మొదలై, బొటనవేలు పట్టేంత దాకా విచ్చుకుంటుంది. పగుళ్ళ గురించి జనానికి ఏం చెప్పాలన్నా ముందు ఆ గోడ మీద పరీక్ష చేయాల్సిందే. "ముందు గోడకు చెప్పాలి, తర్వాత జనానికి" అన్నది ఆవిడ పెట్టుకున్న నియమం. ఇరవై ఏళ్ళు ఆ నియమం తప్పలేదు.

పగులుచీటీ అక్కడే పుట్టింది. గోడ మీద పగులు కనిపిస్తే దానికి అడ్డంగా సన్నటి కాగితం ముక్క పెట్టి, రెండు చివర్లూ గట్టిగా అంటించి, తేదీ వేయాలి. చిరిగితే పగులు నడుస్తున్నట్టు, వెంటనే ఇల్లు ఖాళీ చేసి మ్యూజియానికి ఫోన్ చేయాలి. చిరగకపోతే పగులు నిద్రపోతున్నట్టు. నిద్రపోవడం అన్న మాట ఆవిడదే. ఇంజనీర్లు మూతి విరిచారు కానీ ఊళ్ళో చంటిపిల్లలకు కూడా ఆ మాట నోటికొచ్చేసింది. ఒక బడిలో మంగళవారం చీటీ చిరిగిందని పిల్లల్ని బయటికి పంపేశారు, పదో రోజున ఆ గది పైకప్పు సగం కిందికొచ్చింది. ఒక్క ప్రాణం పోలేదు. ఆ వారం గోడలమ్మ ఫొటో పేపర్లన్నిటిలో వచ్చింది. అందులో ఆవిడ నవ్వుతూ ఉంది, అంత నవ్వు ఆవిడ ముఖాన అంతకుముందు ఎవరూ చూడలేదు.

ఇబ్బంది వానాకాలంలో వచ్చింది. కాగితం చెమ్మకు ఊడిపోయేది. జనం ఫోన్ల మీద ఫోన్లు. అప్పుడు ప్రింటింగ్ ప్రెస్ యజమాని ఒక నమూనా పట్టుకొచ్చాడు. తెల్లటి ప్లాస్టిక్ స్టిక్కరు, మధ్యలో మ్యూజియం గుర్తు అయిన నీలం రంగు కమాను, కింద అచ్చు అక్షరాలతో "చిరగలేదా? భయం లేదు." చూడ్డానికి ముచ్చటగా ఉంది. నీళ్ళలో నానబెట్టినా ఊడలేదు.

మేస్త్రీ దాన్ని రెండు బొటనవేళ్ళ మధ్య పట్టి లాగాడు.

"అమ్మా, ఇది సాగుతోంది."

"ఇల్లు కూలేంత పగులు వస్తే ఏదైనా చిరుగుతుందిలే మేస్త్రీ."

"రెండు రోజులు ఆగండి. గోడ మీద అంటించి లాగి చూద్దాం."

కొత్త ప్రదర్శన కోసం నడిచే గోడకు పూత వేయిస్తున్నారు, చక్రం విప్పి పక్కన పెట్టారు. సోమవారం బడులు తెరుస్తున్నారు, ప్రెస్ వాడు గుమ్మంలో నిలబడి ఉన్నాడు. గోడలమ్మ పేపర్లలో వచ్చిన మనిషి, తొందరలో ఉన్న మనిషి. కాస్త కళ్ళు నెత్తికెక్కాయి అనడానికి నాకు మనసొప్పదు కానీ, అనకుండా ఉండడానికీ ఒప్పదు. సంతకం పెట్టేసింది. మేస్త్రీ స్టిక్కరును టేబుల్ మీద పెట్టి, చేతులు తుడుచుకుని వెళ్ళిపోయాడు. నలభై వేలు అచ్చయ్యాయి.

రెండేళ్ళు గడిచాయి. ఒక సోమవారం పొద్దున పదిన్నరకు, బజారు వెనక వీధిలో నాలుగంతస్తుల ఇల్లు కూలింది. కింద కొట్టు విశాలం చేసుకోవాలని ఇంటి యజమాని ఒక గోడ తీయించేశాడు, బరువు మోసే గోడ. పదకొండు మంది పోయారు. పెద్దవాళ్ళు చాలామంది పనులకు వెళ్ళిన వేళ కావడంతో, పోయినవాళ్ళలో ఎక్కువ మంది ఆడవాళ్ళు, పసిపిల్లలు.

మర్నాడు పేపరు మొదటి పేజీలో ఫొటో పడింది. కూలకుండా మిగిలిన మెట్ల గది గోడ, దాని మీద నిలువునా పగులు, రెండు వేళ్ళు పట్టేంత. పగులుకు అడ్డంగా ఏదో తెల్లటి పట్టీ. గోడలమ్మ భూతద్దం తెచ్చుకుని చూసింది. నీలం కమాను కనిపించింది. కమాను గుండ్రంగా లేదు, పక్కలకు సాగిపోయి పళ్ళెంలా ఉంది. స్టిక్కరు ఎక్కడా చిరగలేదు.

ఆవిడ మ్యూజియానికి వెళ్ళేసరికి మేస్త్రీ నడిచే గోడ దగ్గర నిలబడి ఉన్నాడు. ఆయన చేతిలోనూ అదే పేపరు. నేను అప్పుడే చెప్పలేదా అన్న మాట ఆయన నోట్లోంచి వస్తుందని ఆవిడ ఎదురుచూసింది. వస్తే బాగుండునని కూడా అనుకుంది.

"టీ తాగారా అమ్మా?" అన్నాడు మేస్త్రీ.

"చక్రం తిప్పండి."

గోడ మీద ఒక కాగితం చీటీ, దాని పక్కనే ఒక స్టిక్కరు అంటించారు. మేస్త్రీ తిప్పాడు, ఆవిడ స్కేలు పట్టుకుంది. వెంట్రుక వెడల్పుకే కాగితం ఫట్‌మని చిరిగింది. స్టిక్కరు సాగింది. ఇంకా తిప్పాడు, ఇంకా సాగింది. చక్రం ఇక తిరగనని మొరాయించి ఆగిపోయింది. గోడ బొటనవేలు పట్టేంత విచ్చుకుని ఉంది, స్టిక్కరు మీద "భయం లేదు" అన్న అక్షరాలు లావెక్కి మరింత స్పష్టంగా కనిపిస్తున్నాయి. గోడలమ్మ అక్కడే, నేల మీద, పిల్లలు కూర్చునే చాప మీద కూలబడింది. ఆవిడ ఏడవలేదు. ఏడుపు రానంత భయం వేసింది ఆవిడకు. ఇలాంటివి ఇంకా నలభై వేలు ఊళ్ళో గోడల మీద ఉన్నాయి.

మ్యూజియం కమిటీ ఛైర్మన్ రిటైరైన ఇంజనీరు. మంచివాడు, మెత్తని గొంతు. ఆవిడ చెప్పిందంతా విని తలుపు దగ్గరికి వేశాడు.

"ఇల్లు కూల్చింది గోడ తీయించిన ఆ ఇంటి ఓనరు, అమ్మా. మీ స్టిక్కరు కాదు."

"గోడ నేను తీయలేదండీ. వాళ్ళను లోపల కూర్చోబెట్టింది మాత్రం నేను."

"చూడండి, స్టిక్కరు గురించి ఎవరికీ అనుమానం రాలేదు. మీరై మీరు బయటపెడితే మ్యూజియం మిగలదు. ఇరవై రెండేళ్ళు పెంచారు దీన్ని. చడీ చప్పుడు లేకుండా ఒక్కొక్కటీ మార్పించేద్దాం."

"ఒక్కొక్కటీ మార్చేలోపు ఏ ఇల్లు నడుస్తోందో మనకు తెలుసా?"

ఆ సాయంత్రమే గోడలమ్మ టీవీ వాళ్ళ ముందు నిలబడింది. పరీక్ష చేయకుండా సంతకం పెట్టానని, మేస్త్రీ చెప్పినా వినలేదని, స్టిక్కరు చిరగకపోయినా పగులు నడుస్తూ ఉండొచ్చని చెప్పింది. "మీ గోడల మీద ఉన్నవన్నీ పీకేయండి. నేనే తప్పు చేశాను. పగులు ఉంటే ఫోన్ చేయండి, వచ్చి చూస్తాం" అంది. మాట ఎక్కడా తడబడలేదు.

తర్వాత మూడు వారాలు ఆవిడా, మేస్త్రీ, మ్యూజియం సిబ్బందీ కాళ్ళరిగేలా తిరిగారు. నడుస్తున్న పగుళ్ళు పందొమ్మిది దొరికాయి. పందొమ్మిది ఇళ్ళు ఖాళీ చేయించారు. వాటిలో రెండు ఆ నెలలోనే ఒరిగాయి. ఆ రెండిళ్ళలో బతికినవాళ్ళ లెక్క ఎవరూ వేయలేదు, వేయరు కూడా. బతికినవాళ్ళు ఫొటోలో ఉండరు. కొన్ని ఇళ్ళలో తలుపు తీసి మొహం మీదే వేసేశారు. ఒకావిడ మాత్రం మంచినీళ్ళిచ్చి, తాగాక, "మా పిల్లలకు మీరు చెప్పిన పాఠమే నేర్పాను నేను" అని లోపలికి వెళ్ళిపోయింది. తిట్టి ఉంటే బాగుండేది.

మ్యూజియం గోడ మీద ఎవరో తారుతో "హంతకురాలు" అని రాశారు. మేస్త్రీ రెండు రోజులు గోకాడు, పోలేదు. మూడో రోజు ఆవిడే, "వదిలేయండి మేస్త్రీ, ఇటుక చెడిపోతుంది" అంది. ఆవిడను సస్పెండ్ చేశారు, తేలేదాకా మ్యూజియం గేటు మూశారు, విచారణ కమిషన్ వేశారు. చెల్లెలు పెట్టె సర్దుకుని వచ్చి అక్క ఇంట్లో మకాం పెట్టింది. వండడం, తినమని పోరడం, ఫోన్ మోగితే తనే తీసి అవతలివాళ్ళను దులిపేయడం ఆమె పని.

విచారణకు రెండు రోజుల ముందు ఛైర్మన్ ఇంటికి వచ్చాడు. వెంట కమిటీ పెట్టుకున్న లాయరు.

"అమ్మా, ఒక దారి ఉంది" అన్నాడు లాయరు. "ఆ ఇంట్లో ఒక్కరు, ఒక్కరంటే ఒక్కరు, స్టిక్కరు సాగుతోందని చూసి కూడా అక్కడే ఉన్నారని తేలితే చాలు. తెలిసీ ఉన్నారని అవుతుంది. భారం మ్యూజియం మీద నుంచి పోతుంది. మూసేయాలన్న మాట ఉండదు."

"లేదంటే?"

"లేదంటే తాళమేనమ్మా."

ఛైర్మన్ కాఫీ గ్లాసు పక్కన పెట్టాడు. "పిల్లలు రోజూ గేటు దాకా వచ్చి చూసి పోతున్నారు. ఇంకో డైరెక్టరు వస్తాడు. మీరు లేకపోయినా మీ పని మిగులుతుంది కదా" అన్నాడు. ఆ మాట ఆవిడకు సూటిగా తగిలింది. ఆవిడకు తన కుర్చీ అక్కర్లేదు. ఆ కమాను, ఆ మెట్లు, ఆ ఆదివారాలు కావాలి. తన తప్పు తనతో పోవాలి కానీ వాటిని వెంట తీసుకుపోకూడదు. ఆశ పుట్టింది ఆవిడకు, పుట్టినందుకు సిగ్గూ వేసింది.

ఇల్లు కూలినచోట బతికి బయటపడ్డవాళ్ళందరి దగ్గరికీ ఆవిడ అప్పటికే వెళ్ళి వచ్చింది. మిగిలింది ఒక్క దర్జీ. మూడో అంతస్తులో ఉండేవాడు. ఆ పొద్దున కుట్టిన బట్టలు ఇవ్వడానికి బజారుకు వెళ్ళాడు, కొడుకు పనిలో ఉన్నాడు. ఇంట్లో ఉన్న కోడలు, జ్వరమని ఆ రోజు బడికి వెళ్ళని ఆరేళ్ళ మనవరాలు పోయారు. ఇప్పుడు తండ్రీ కొడుకులు ఒక మూతబడ్డ గోదాములో, గుడ్డ అడ్డం కట్టుకుని ఉంటున్నారు. ఎవరో ఇచ్చిన పాత కుట్టుమెషిన్ ముందు దర్జీ ఖాళీగా కూర్చుని ఉన్నాడు. కొడుకు లేడు.

గోడలమ్మ గుమ్మం దగ్గరే ఆగిపోయింది. లోపలికి రమ్మంటాడని అనుకోలేదు.

"రండమ్మా. కూర్చోండి. మిమ్మల్ని టీవీలో చూశాను" అన్నాడు దర్జీ.

"అన్నా, క్షమించమని అడిగే మొహం కూడా నాకు లేదు."

"అడగకండి." ఆయన మెషిన్ చక్రం మీద చెయ్యి వేసి అలాగే ఉంచాడు. "మీరు రాకూడదని దండం పెట్టుకున్నానమ్మా. వస్తే చెప్పేస్తానేమో అని భయం."

"ఏమిటన్నా?"

ఆయన గుడ్డ తెర వైపు ఒకసారి చూసి గొంతు తగ్గించాడు. "నేను నలభై ఏళ్ళ నుంచి గుడ్డ పట్టుకుంటున్నాను. ఏది ఎంత సాగుతుందో వేళ్ళకే తెలుస్తుంది నాకు. కత్తెర పెట్టకముందే చెప్పేస్తాను. ఆ చీటీ మా మెట్ల దగ్గరే ఉండేది. రోజుకు పదిసార్లు దాని పక్కనుంచే ఎక్కి దిగేవాణ్ణి. మొదట ఆ బొమ్మ గుండ్రంగా ఉండేది. తర్వాత వెడల్పయింది. నేను చూశానమ్మా."

గోడలమ్మ గుమ్మం వదిలి వచ్చి ఆయన ఎదురుగా నేల మీద కూర్చుంది.

"ఒక్క నేనే అయితే పోనీ అనుకుందును. కోడలు కూడా అడిగింది. మామయ్యా, ఇది కాస్త సాగినట్టు లేదా అని. చిరగలేదు కదమ్మా, రాసి ఉంది చూడు, భయం లేదని అన్నాను. తెలిసే అన్నాను." ఆయన మొహం చేతులతో రుద్దుకున్నాడు. "మా గదిలో కిటికీ ఉండేది. పొద్దుట్నుంచి సాయంత్రం దాకా వెలుతురే. ఈ కళ్ళతో సూదిలో దారం ఎక్కించాలంటే అలాంటి గది ఇంకోటి దొరకదు. ఇంకో నెల చూద్దాం, ఇంకో నెల చూద్దాం అనుకున్నాను. కిటికీ కోసమమ్మా. ఇంకేం లేదు."

బయట ఎవరో బకెట్టు ఈడ్చుకుంటూ వెళ్ళారు.

"మా వాడికి తెలియదు" అన్నాడు దర్జీ. "వాడు మిమ్మల్ని తిట్టుకుని బతుకుతున్నాడు. పొద్దున లేచి మిమ్మల్ని తిడతాడు, అప్పుడు ఒక ముద్ద తింటాడు. నేనని తెలిస్తే వాడికి ఇక ఎవరుంటారు? నాకు ఎవరుంటారు? మీరు నిజం చెప్పే మనిషి, టీవీలో చూశాను. అందుకే భయం."

ఆయన లేచి దండం పెట్టబోయాడు. గోడలమ్మ ఆయన చేతులు పట్టుకుని కిందికి దించింది. వస్తానని కూడా చెప్పకుండా బయటపడింది.

ఇంటికి వెళ్ళేదారిలో మ్యూజియం ముందు నుంచే వెళ్ళాలి. గేటు దగ్గర ఇద్దరు ఆడపిల్లలు కటకటాల్లోంచి లోపలికి తొంగి చూస్తున్నారు. ఒకమ్మాయి రెండోదానికి, కమాను ఎందుకు పడిపోదో చేతులతో చూపించి చెబుతోంది. రెండు చేతులూ ఒకదాన్నొకటి నెట్టుకుంటున్నాయి కాబట్టి, అంటోంది. సరిగ్గానే చెబుతోంది. ఒక్కరు చాలు అన్న లాయరు మాట ఆవిడ చెవుల్లో గింగురుమంది. ఆ ఒక్కరు దొరికారు. ఆవిడ అబద్ధం ఆడనక్కర్లేదు, నిజం చెబితే చాలు. ఇన్నేళ్ళు ఊరంతా తిరిగి నేర్పింది అదే కదా, చూసింది చూసినట్టు చెప్పమని. ఆవిడ రోడ్డుకు అవతలి పక్కకు మారి, తల తిప్పకుండా నడిచి వెళ్ళిపోయింది.

"ఏంటక్కా, మొహం అలా పీక్కుపోయింది? ఆ దర్జీ ఏమన్నా అన్నాడా?" అంది చెల్లెలు.

"ఏమీ అనలేదే."

"ఏమీ అనకుండానే ఇలా ఉన్నావా?"

"అన్నం పెట్టు" అంది గోడలమ్మ. పెట్టింది తినలేదు.

విచారణ కలెక్టరు ఆఫీసు మీటింగ్ హాల్లో, పొద్దున పదకొండింటికి. గోడలకు ఆనుకుని కూడా జనం నిలబడ్డారు. ముందు వరసలో ఛైర్మన్, లాయరు. చివరి వరసలో మేస్త్రీ. చనిపోయినవాళ్ళ బంధువులకు ఎడమ పక్కన కుర్చీలు వేశారు. దర్జీ, ఆయన కొడుకు అక్కడే, పక్కపక్కన ఉన్నారు. కొడుకు ముప్ఫై ఏళ్ళవాడు, గడ్డం పెరిగిపోయింది. తండ్రి కుర్చీ వెనక చెయ్యి చాపి కూర్చున్నాడు.

కమిషన్ అధికారి ప్రశ్నలు అడిగాడు. సంతకం ఎవరిదంటే నాదే అంది. పరీక్ష చేయలేదా అంటే చేయలేదంది. చేసే వీలుండీ చేయలేదా అంటే, ఉండీ చేయలేదంది. మేస్త్రీ చెప్పిన మాట ఏమిటంటే ఉన్నదున్నట్టు చెప్పింది. అధికారి రాసుకుని, కళ్ళద్దాలు తీసి తుడుచుకుని, మళ్ళీ పెట్టుకున్నాడు.

"ఆఖరి ప్రశ్నండి. మీరు ఆ ఇంటివాళ్ళందరినీ కలిశారని తెలిసింది. స్టిక్కరు సాగుతోందన్న సంగతి వాళ్ళలో ఎవరైనా ముందే గమనించారా? మీకు తెలిసినంతవరకు చెప్పండి."

లాయరు ముందుకు వంగాడు. దర్జీ తల దించుకుని తన బొటనవేలినే చూసుకుంటున్నాడు.

గోడలమ్మ జీవితంలో ఒక కట్టడం గురించి ఒక్కసారి కూడా తెలిసి అబద్ధం చెప్పలేదు. బిల్డర్లు బెదిరించినా చెప్పలేదు, మంత్రి ఫోన్ చేసినా చెప్పలేదు.

"లేదండి" అంది. "ఎవరూ గమనించలేదు. చిరగకపోతే భయం లేదని నేను రాశాను. వాళ్ళు నమ్మారు."

"ఖచ్చితంగా ఎవరూ?"

"ఎవరూ లేరు."

లాయరు కాగితాలు మూసేశాడు. ఛైర్మన్ కళ్ళు మూసుకున్నాడు. ఆ క్షణాన మ్యూజియానికి తాళం పడిందని ఆవిడకు తెలుసు, తన చేత్తోనే వేసిందనీ తెలుసు. అధికారి ఇక వెళ్ళొచ్చన్నాడు. ఆవిడ లేచి, కుర్చీల మధ్య దారిలో నడవడం మొదలుపెట్టింది. ఎడమ పక్కకు వచ్చేసరికి దర్జీ కొడుకు లేచి దారికి అడ్డం నిలబడ్డాడు. పోలీసు కదలబోతే ఆవిడే చేత్తో ఆగమంది.

"నా కూతురికి మీ మ్యూజియం అంటే ప్రాణం" అన్నాడు అతను. గొంతు పెద్దగా లేదు. "ఆ చీటీ మా గోడకు అంటించింది అదే. స్టూలు వేసుకుని అంటించింది. మీరు చల్లగా ఉండకూడదు."

వెనక దర్జీ భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి. కొడుకు వెనక్కి తిరిగి, ఒక చేత్తో తండ్రిని దగ్గరికి లాక్కుని, "ఊరుకో నాన్నా, నేనున్నాను కదా" అన్నాడు. ముసలాయన కొడుకు చొక్కాలో మొహం దాచుకున్నాడు. గోడలమ్మ ఆ ఇద్దరినీ చూసి, వాళ్ళ పక్కనుంచి తప్పుకుని, తలుపు దాకా నడిచింది.